బెంగకి బిళ్ళ ఉందా బాబాయ్?

కొత్తగా చదివేవాళ్ళకి ముందే ఒక మాట చెప్పేస్తా, నేను డాక్టర్ని కాదు. తెనాలిలో 29 ఏళ్ళు మెడికల్ షాపు నడిపి, ఎదురుగా గాజు తలుపుల ఏసీ షాపు వచ్చి 15 శాతం డిస్కౌంట్ అని బోర్డు పెట్టాక షట్టర్ దించేసినవాణ్ణి. ఎడిటర్ గారు ఫోన్ చేసి పాఠకుల మనసు కష్టాలకి జవాబులు రాయండి బాబాయ్ అంటే నాకేం తెలుసండీ అన్నాను, తెలీదనే మిమ్మల్ని అడుగుతున్నాం అన్నారు. పొగిడారో తిట్టారో ఇప్పటికీ అర్థం కాలేదు.

కౌంటర్ వెనక నేను నేర్చుకున్న విద్య ఒక్కటే. ఎవరొచ్చి ఏ మందు అడిగినా ముందు "ఎవరికి?" అని అడగాలి. దగ్గు మందు పిల్లాడికా, పెద్దాయనకా, కడుపుతో ఉన్న కోడలికా. దాన్ని బట్టే సీసా, దాన్ని బట్టే డోసు. ఈ వారం వచ్చిన ఉత్తరాల్లో సగానికి పైగా బిళ్ళ అడిగినవే, దిగులుకి, సిగ్గుకి, కోపానికి, ఆఖరికి ఆదివారం సాయంత్రానికి కూడా. సరే, ఎవరికో చూద్దాం పదండి.

ప్రశ్న: బాబాయ్ గారూ, మా అమ్మాయి పెళ్ళయి బెంగుళూరు వెళ్ళి 22 రోజులైంది. దండెం మీద దాని చున్నీ ఒకటి మర్చిపోయి వెళ్ళింది, అది ఇంకా తియ్యలేదు నేను, తియ్యబోతే ఏడుపొస్తోంది. అన్నం సయించట్లేదు. మా అబ్బాయి ఫోన్‌లో చూసి ఇది ఎంప్టీ నెస్ట్ సిండ్రోమ్ అమ్మా, వదిలేస్తే డిప్రెషన్‌లోకి వెళ్తావు, అపాయింట్‌మెంట్ తీసుకుంటా అంటున్నాడు. అంత దూరం లేకుండా ఏదైనా చిన్న బిళ్ళతో పోద్దా?
– ఒక అమ్మ, నరసరావుపేట

జవాబు: అమ్మా, మీవాడు ఇంగ్లీషులో మూడు మాటలు ఖర్చు పెట్టాడు, మనకి రెండక్షరాలు చాలు. బెంగ. హాస్టల్లో వేసిన పిల్లాడికి జ్వరం వస్తే బెంగ జ్వరం అనేవాళ్ళు, మందు కాదు, అమ్మమ్మని పంపించేవాళ్ళు. అమ్మమ్మ వెళ్ళి పక్కన పడుకుంటే తెల్లారేసరికి ఒళ్ళు చల్లబడేది. ఆ అమ్మమ్మకి ఎంఆర్పీ లేదు కాబట్టి ఏ కంపెనీ తయారుచెయ్యలేదు.

ఇప్పుడు నా ప్రశ్న. బిళ్ళ ఎవరికి? మీరు వంటింట్లో కొంగుతో కళ్ళు తుడుచుకుంటుంటే మీవాడు మంచినీళ్ళకి వచ్చాడు, చూశాడు, ఏం అనాలో తోచలేదు పాపం, గది లోపలికెళ్ళి ఫోన్ తీశాడు. తల్లి ఏడుపు చూసి తట్టుకోలేకపోయింది వాడు. బిళ్ళ వేసుకోమంటే వాడు వేసుకోవాలి. వాడికీ వద్దులెండి, పక్కన కూర్చుని చిక్కుళ్ళు ఈనెలు తియ్యమనండి, చేతికి పని దొరికితే మాట దానంతటదే వస్తుంది.

మీ చీటీ నేను రాస్తున్నా. ఆవకాయ 2 కేజీలు, జాడీ మూతకి గుడ్డ కట్టి పైన రెండు కవర్లు తొడగాలి, లేదంటే బోగీ అంతా నూనె. మీ ఊరి మీదుగానే ప్రశాంతి ఎక్స్‌ప్రెస్ బెంగుళూరు పోతుంది, మందు పేరు రైలుకే ఉంది చూడండి. డోసు నాలుగు రోజులు, అయిదో రోజు దాటితే సైడ్ ఎఫెక్టులు మొదలవుతాయి, మీకు కాదు అల్లుడు గారికి. చున్నీ ఉండనివ్వండి. వానొస్తే తియ్యండి.

ప్రశ్న: బాబాయ్, నేను మాదాపూర్‌లో సాఫ్ట్‌వేర్. ఆదివారం సాయంత్రం ఆరైతే చాలు గుండె మీద ఎవరో కూర్చున్నట్టు ఉంటుంది. ఆఫీసు వాళ్ళు ఇచ్చిన వెల్‌నెస్ యాప్‌లో టెస్టు రాస్తే మోడరేట్ యాంగ్జయిటీ అని వచ్చింది, దాని కిందే మెడిటేషన్ సబ్‌స్క్రిప్షన్ 30 శాతం ఆఫ్ అని కూడా వచ్చింది. మా టీమ్‌లో ఒకడు 0.25 వేసుకుంటాడు, సోమవారం స్టాండప్ కాల్ (టీమ్ మీటింగు) హాయిగా గడిచిపోద్దంట. నేనూ మొదలుపెట్టనా?
– సోమవారం బాధితుడు

జవాబు: నాయనా, నీకొచ్చింది మామూలు జబ్బు కాదు, దానికి అంతర్జాతీయ గుర్తింపు ఉంది. 2006 ఏప్రిల్లో బ్రిటిష్ మెడికల్ జర్నల్‌లో ఒక వార్త వేశారు, శాస్త్రవేత్తలు కొత్త జబ్బు కనిపెట్టారు, దాని పేరు మోటివేషనల్ డెఫిషియెన్సీ డిజార్డర్, మన భాషలో బద్ధకం. ఆస్ట్రేలియాలో ప్రతి అయిదుగురిలో ఒకరికి ఉందట, బాగా ముదిరితే ఊపిరి తీసుకోవడానికి కూడా మనసొప్పక మనిషి పోవచ్చట. ఇండోలబాంట్ అని మందు కూడా సిద్ధం, అది వాడిన ఒక కుర్రాడు సోఫా దిగి ఏకంగా ఇన్వెస్ట్‌మెంట్ అడ్వైజర్ అయిపోయాడట. కొన్ని పత్రికల వాళ్ళు నిజమనుకుని వేసేశారు కూడా. తేదీ చూడలేదు వాళ్ళు, ఏప్రిల్ ఒకటి. రే మొయినిహాన్ అనే ఆస్ట్రేలియా జర్నలిస్టు చేసిన పని అది, ఊరికే నవ్వించడానికి కాదు, మందుల వ్యాపారం కోసం జబ్బుల్ని ఎలా పుట్టిస్తారో ఆయన అప్పటికే ఏళ్ళ తరబడి రాస్తున్నాడు.

ఇంక ఆ యాప్ టెస్టు. ఇలాంటి యాప్‌లలో ఎక్కువగా కనిపించే ప్రశ్నలు రెండు రకాలు, డిప్రెషన్‌కి తొమ్మిది ప్రశ్నల పీహెచ్‌క్యూ-9, యాంగ్జయిటీకి ఏడు ప్రశ్నల గ్యాడ్-7. గత రెండు వారాల్లో ఎన్ని రోజులు అలా అనిపించింది, ఎన్ని రోజులు ఇలా అనిపించింది అని అడుగుతాయి. మంచివే, డాక్టర్లు వాడతారు, నేను కాదనను. కానీ ఆ కాగితం అడుగున సన్నక్షరాల్లో ఎవరు డబ్బిస్తే తయారైందో ఉంటుంది చదువు, ఫైజర్ కంపెనీ ఎడ్యుకేషనల్ గ్రాంట్. అదే కంపెనీ డిప్రెషన్‌కి మందు కూడా అమ్మేది. కొబ్బరికాయ కొట్టు ఆయనే గుడి కట్టించాడు, గుడి మంచిదే, దణ్ణం పెట్టుకో, కొట్టు ఎవరిదో మాత్రం తెలిసి పెట్టుకో.

0.25 గురించి మా కౌంటర్ వాళ్ళని అడగాలి నువ్వు. మందు పేరు ఎవరూ చెప్పరు, కత్తిరించిన షీటు ముక్క ఒకటి పర్సులోంచి తీస్తారు, దాని మీద పేరులో సగమే ఉంటుంది, "ప్రజో" అనో "లామ్" అనో, "ఇదే, ఒక షీటు" అంటారు, అనేటప్పుడు వెనక ఎవరైనా ఉన్నారా అని చూసుకుంటారు. ఆల్ప్రజోలం అది, దడ తగ్గించే మత్తు బిళ్ళ. 2014 మార్చి నుంచి అది షెడ్యూల్ హెచ్1లో ఉంది, అంటే డాక్టర్ చీటీ ఉండాలి, షాపువాడు వేరే రిజిస్టర్లో డాక్టర్ పేరు, పేషెంట్ పేరు, ఎన్ని ఇచ్చాడో రాసుకుని మూడేళ్ళు దాచాలి. అంత తతంగం ఎందుకు పెట్టారంటే అది అలవాటై కూర్చుంటుంది, రెండు నెలలు పోయాక ఆదివారానికి కాదు, బిళ్ళ లేని ప్రతి సాయంత్రానికీ అదే దడ వస్తుంది.

ఎవరికి అని అడిగితే నువ్వు నాకు అని చెప్తావు, కానీ ఉత్తరంలో నువ్వు రాసింది చూడు, కాల్ హాయిగా గడిచిపోద్దంట. అంటే బిళ్ళ ఆ కాల్‌కి. చిన్నప్పుడు ఆదివారం టీవీలో సాయంత్రం సినిమా అయిపోయి శుభం కార్డు పడగానే కడుపులో తిప్పేది గుర్తుందా, హోంవర్క్ చెయ్యలేదని. అప్పుడు ఎవరూ టెస్టు పెట్టలేదు, చెయ్యని హోంవర్క్ ఏదో అడిగేవాళ్ళు. అదే అడుగుతున్నా నేను కూడా, సోమవారం ఏముంది అక్కడ?

ప్రశ్న: సార్, నా భార్యకి ఈమధ్య కోపం బాగా ఎక్కువైంది. ఇంతకుముందు ఇలా ఉండేది కాదు. పొద్దున అయిదింటికే లేస్తుంది, మా అమ్మకి కాఫీ, పిల్లల బాక్సులు, మళ్ళీ తను స్కూల్లో టీచర్, సాయంత్రం వచ్చాక ట్యూషన్లు కూడా చెప్తుంది, ఇంత యాక్టివ్‌గా ఉన్న మనిషికి రాత్రి పదకొండింటికి నేను మంచినీళ్ళు అడిగితే గ్లాసు టేబుల్ మీద టక్కుమని పెడుతోంది. మా అమ్మ ఏదైనా చెప్తే సమాధానం చెప్పకుండా లోపలికెళ్ళిపోతోంది. నేను గట్టిగా మాట్లాడే రకం కాదు. తనకి తెలీకుండా కాఫీలో కలిపి ఇవ్వడానికి ఏదైనా మైల్డ్ డోస్ ఉంటే చెప్పగలరు. పేరు వెయ్యొద్దు.
– ఏలూరు

జవాబు: వెయ్యను సార్, వేస్తే ఆ గ్లాసు టేబుల్ మీద ఆగదు.

ముందు అసలు సంగతి. మనిషికి తెలీకుండా మందు కలిపి పెట్టడం నేరం. మైల్డ్ డోస్ అయినా నేరమే, మొగుడైనా నేరమే, కాఫీ ఎంత చిక్కగా ఉన్నా నేరమే. ఇంక చరిత్ర చెప్తాను కూర్చోండి, మీకు ముందు చాలామంది ఈ బిళ్ళ అడిగారు.

1851లో అమెరికాలో శామ్యూల్ కార్ట్‌రైట్ అని ఒక డాక్టరు గారు ఒక కొత్త జబ్బు కనిపెట్టారు. తోటల్లో గొడ్డుచాకిరీ చేసే నల్లజాతి బానిసలు అప్పుడప్పుడూ పారిపోతున్నారు, ఎందుకు పారిపోతున్నారో ఆయనకి అర్థం కాలేదు. తిండి పెడుతున్నాం కదా. కాబట్టి అది జబ్బు అని తేల్చి డ్రాపెటోమేనియా అని పేరు పెట్టాడు, వైద్యం కొరడా. మీరు నవ్వుతారేమో, ఆయన దాన్ని పేపర్ రాసి పెద్ద డాక్టర్ల సభకి సమర్పించాడు. యజమాని వైపు కూర్చుని చూస్తే పారిపోవడం పిచ్చిలాగే కనపడుద్ది మరి.

తర్వాత 1963లో వేలియం అని కంగారు తగ్గించే బిళ్ళ వచ్చింది, 1970లకల్లా అమెరికాలో డాక్టర్లు రాసే మందుల్లో అదే ముందు, వేసుకునేవాళ్ళలో ఆడవాళ్ళే ఎక్కువ. తర్వాత 2000లో ఇంకో తమాషా. ప్రొజాక్ అనే డిప్రెషన్ మందుకి పేటెంట్ అయిపోబోతోంది, సరిగ్గా అప్పుడు అదే కంపెనీ అదే మందుని గులాబీ రంగు, లావెండర్ రంగు క్యాప్సూల్‌లో పెట్టి సెరాఫెమ్ అని ఆడపేరు తగిలించి, నెలసరి ముందు వచ్చే చిరాకుకి అని అనుమతి తెచ్చుకుంది. టీవీ యాడ్‌లో సూపర్‌మార్కెట్ బయట ట్రాలీ ఇరుక్కుపోయి దాంతో కుస్తీ పడుతున్న ఆవిడని చూపించారు. జబ్బుకీ మామూలు చిరాకుకీ తేడా లేకుండా చేశారని మందులకి అనుమతులిచ్చే అమెరికా ఎఫ్‌డీఏ వాళ్ళే అభ్యంతరం చెప్పారు. నెలసరి ముందు నిజంగా నరకం చూసే ఆడవాళ్ళు ఉన్నారు, వాళ్ళకి ఆ మందు పనిచేస్తుంది కూడా, అది వేరే లెక్క. కానీ ట్రాలీ ఇరుక్కుంటే ఎవరికైనా కోపం వస్తుంది సార్. ట్రాలీకి నూనె పెట్టాలి, ఆవిడకి బిళ్ళ ఎందుకు?

మీ ఇంట్లో ట్రాలీ ఏదో మీ ఉత్తరంలోనే ఉంది, మళ్ళీ చదవండి. పొద్దున అయిదు నుంచి రాత్రి పదకొండు అంటే 18 గంటలు. ఈ 18 గంటల్లో మీరు ఉత్తరంలో ఒక్కసారే కనిపించారు, మంచినీళ్ళు అడగడానికి. చీటీ రాసుకోండి, పేషెంట్ పేరు దగ్గర మీ పేరు. పొద్దున కాఫీ ఒకటి, మీరు కలిపింది, ఆవిడ లేవకముందు. రాత్రి భోజనం తర్వాత గిన్నెలు, 21 రోజుల కోర్సు, మధ్యలో ఆపకూడదు. మొదటి వారం మీ అమ్మగారికి కళ్ళు తిరగొచ్చు, కంగారు పడకండి, తగ్గుతుంది.

ప్రశ్న: బాబాయ్, వచ్చే గురువారం నాకు పెళ్ళిచూపులు. నలుగురిలో కూర్చుంటే చేతులు వణుకుతాయి, చెమటలు. మా ఫ్రెండు ప్రొప్రనొలాల్ అని గుండెదడ బిళ్ళ ఇచ్చాడు, ఇంటర్వ్యూకి వాడికి పనిచేసిందంట. వేసుకోవచ్చా? నాకు చిన్నప్పటినుంచి ఆయాసం ఉంది.
– అనకాపల్లి

జవాబు: ఆ చివరి ముక్క ముందు రాయాల్సింది బాబూ. ఆస్తమా ఉన్నవాళ్ళకి ప్రొప్రనొలాల్ ప్రమాదం, ఊపిరితిత్తుల గొట్టాలు బిగుసుకుపోతాయి. అమ్మాయి కాఫీ తెచ్చేలోపు నిన్ను అంబులెన్స్ తీసుకుపోతుంది. ఆ బిళ్ళ మీవాడికి తిరిగిచ్చెయ్.

1999లో ప్యాక్సిల్ అనే మందుకి సోషల్ యాంగ్జయిటీకి వాడొచ్చని అమెరికాలో అనుమతి వచ్చినప్పుడు, మనుషులంటేనే మీకు ఎలర్జీ ఉందనుకోండి అంటూ ప్రచారం చేశారు. అప్పటిదాకా సిగ్గు అనుకున్నవాళ్ళు చాలామంది తమకి జబ్బు అనుకోవడం మొదలుపెట్టారు. గడప దాటలేనంత భయం ఉన్నవాళ్ళు వేరే, వాళ్ళు డాక్టర్ దగ్గరికి వెళ్ళాలి. నీది పెళ్ళిచూపుల వణుకు. మా రోజుల్లో వణకని పెళ్ళికొడుకుని చూస్తే అమ్మాయి తండ్రికి డౌటు వచ్చేది, వీడికి ఇది ఎన్నో సంబంధమో అని. మా పెళ్ళిచూపుల్లో నేను బజ్జీ జారవిడిస్తే అది పోయి మా మామగారి చెప్పులో పడింది, ఆయన ఏమీ అనకుండా కాలితో పక్కకి నెట్టేశారు. 34 ఏళ్ళైంది, మా ఆవిడ ఇప్పటికీ బజ్జీ వేసినప్పుడల్లా రెండు చేతులతో పట్టుకో అంటుంది.

ప్రశ్న: బాబాయ్ గారు, డల్లాస్ నుంచి. నాన్నగారు రాజమండ్రిలో పోయి 13 నెలలైంది. ఉద్యోగం చేస్తున్నా, పిల్లల్ని చూసుకుంటున్నా, అన్నీ మామూలే. కానీ ఆయన వాట్సాప్‌లో పంపిన వాయిస్ మెసేజ్ ఒకటి ఉంది, ఏరా తిన్నావా అని, నాలుగు సెకన్లు. అది కార్లో ఎప్పుడైనా వింటే పక్కకి ఆపేసి ఏడుస్తా. ఆఫీసులో ఒకావిడ చూసి సంవత్సరం దాటింది కదా, ఇది ప్రొలాంగ్డ్ గ్రీఫ్ డిజార్డర్, అంటే ఎంతకీ తగ్గని దుఃఖం జబ్బు అయ్యుంటుంది, చూపించుకో, ఇన్సూరెన్స్ కవర్ అవుతుంది అంది. ఇక్కడ టీవీలో చూస్తే ప్రతి మందుకీ యాడ్ ఉంటుంది, బీచ్‌లో కుక్కపిల్లతో పరిగెడుతుంటారు, కింద సైడ్ ఎఫెక్టులు గబగబా చదువుతారు. నిజంగానే గడువు దాటిపోయానా?

జవాబు: నాయనా, ఆ యాడ్‌లు మీకూ న్యూజిలాండ్ వాళ్ళకే రాసిపెట్టి ఉన్నాయి, డాక్టర్ చీటీ మీద ఇచ్చే మందులకి జనంలో అలా ప్రచారం చేసుకోనిచ్చేది ఆ రెండు దేశాలే. అవి వదిలెయ్. గడువు సంగతి చెప్తా.

అమెరికాలో మనోవ్యాధులన్నిటికీ ఒక పెద్ద పుస్తకం ఉంది, డీఎస్ఎం అంటారు, అక్కడి సైకియాట్రీ సంఘం వేస్తుంది. 1994 ఎడిషన్‌లో ఏముందంటే దగ్గరివాళ్ళు పోయి రెండు నెలల లోపు అయితే ఆ దుఃఖాన్ని మామూలుగా డిప్రెషన్ అనకండి అని. రెండు నెలలు! మన దగ్గర రెండు నెలలకి పంతులు గారు ఇంకా మూడో మాసికం సరుకుల లిస్టు రాస్తుంటారు. 2013 ఎడిషన్‌లో ఆ రెండు నెలల మినహాయింపు కూడా తీసేశారు, దాని మీద అక్కడి డాక్టర్లలోనే పెద్ద గొడవైంది. 2022లో మీ ఆఫీసావిడ చెప్పిన జబ్బు చేర్చారు, పెద్దవాళ్ళకి 12 నెలలు, పిల్లలకి 6 నెలలు గడువు.

ఆవిడ క్యాలెండర్ ఒకటే చూసింది, మిగతాది చదవలేదు. ఏడాది దాటాక కూడా గత నెలరోజులుగా దాదాపు రోజూ అదే ధ్యాస, నాలో సగం పోయింది అనిపించడం, బతుక్కి అర్థం లేదనిపించడం, పనులు చేసుకోలేకపోవడం, ఇలాంటివి కలిసి ఉంటేనే ఆ పేరు. అలాంటివాళ్ళని నేను చూశాను, కొడుకు పోయాక నాలుగేళ్ళు ఆ గది తలుపు తియ్యని తల్లి ఒకావిడ, ఆవిడకి సాయం కావాలి, సాయం ఉంది. నువ్వు కారు పక్కకి ఆపి నాలుగు సెకన్లు విని ఏడ్చి, కళ్ళు తుడుచుకుని, ఇండికేటర్ వేసి మళ్ళీ రోడ్డెక్కుతున్నావు. దానికి పేరు కొడుకు.

మనవాళ్ళు ఏ పుస్తకమూ చూడకుండానే ఏడాది లెక్క పెట్టారు చూడు. నెలకో మాసికం, ఏడాదికి సంవత్సరీకం, ఆ తర్వాత ఆపెయ్యమన్నారా, లేదు, ఏటా తద్దినం. తలుచుకోవడానికి తిథి ఇచ్చారు, పక్కన నలుగురిని కూర్చోబెట్టారు, చివర్లో గారెలు పెట్టారు. విసుగెత్తే పనిని తద్దినం అని తిట్టుకుంటాం గానీ అది లేకపోతే నీలాగా హైవే పక్కన పెట్టుకోవాలి.

మా నాన్న పోయి 17 ఏళ్ళు. షాపులో ఆయన కూర్చున్న స్టూలుకి ఒక కాలు పొట్టి, దాని కింద మందు డబ్బా అట్టముక్క మడిచి పెట్టేవాడు. షాపు ఎత్తేసిన రోజు స్టూలు జరిపితే ఆ అట్ట నేలకి అంటుకుపోయి ఉంది, గీకి తీస్తే లోపలి మడతలో ఆయన చేత్తో రాసిన బాకీ, ఎవరిదో, 14 రూపాయలు. అక్కడే చతికిలబడి ఏడ్చాను, సామాన్లు మోసే కుర్రాడు కంగారుపడి నీళ్ళు తెచ్చిచ్చాడు. ఆవిడ లెక్కన నేను గడువు దాటి 16 ఏళ్ళు. ఆవిడకి చెప్పకు.

ఎవరికి అంటావా, నీ కళ్ళు ఎర్రగా ఉంటే మీటింగులో ఎటు చూడాలో తెలీని వాళ్ళకి. ఆ మెసేజ్ మాత్రం ఇంకో చోట కూడా సేవ్ చేసి పెట్టుకో, ఫోన్లు పోతుంటాయి.

ప్రశ్న: మా కాకా రోజు కల్లు కాంపౌండుకు పోతడు. ఒక్క పూట తాగకపోతె చేతులు వణుకుతయి, నిద్ర పట్టది, ఎవరో వచ్చిన్రు వచ్చిన్రు అని ఒర్లుతడు. చెట్టు మీదికెల్లి వచ్చేదే గదా, మంచిదంటరు గదా, మరి గిట్లెందుకైతది? గీ వణుకుకు ఏమన్న గోలి ఉన్నదా?
– కామారెడ్డి

జవాబు: అన్నా, మీ కాకాకి గోలి కొత్తగా ఇవ్వక్కర్లేదు, రోజూ వేసుకుంటనే ఉన్నడు.

జనం ఎక్కువ, చెట్లు తక్కువ, కాబట్టి కల్లులో నీళ్ళు కలిపి మత్తు కోసం డైజిపామ్, క్లోరల్ హైడ్రేట్, ఆల్ప్రజోలం లాంటివి కలుపుతారు, తెలంగాణలో ఇది దశాబ్దాల సంగతి. పైన మాదాపూర్ బాబు మొదలుపెట్టనా అని అడిగాడే, అదే మందు ఇక్కడ ఊరందరికీ సీసాలో పోస్తున్నారు, ఎంత డోసో పోసేవాడికీ తెలీదు. 2015లో దాడులు చేసి కల్తీ కల్లు ఆపినప్పుడు నిజామాబాద్ వైపు జనం మీరు చెప్పిన లక్షణాలతోనే ఆస్పత్రులకి పరిగెత్తారు. 2020 మార్చిలో లాక్‌డౌన్ పెట్టి కాంపౌండులు మూస్తే హైదరాబాద్ ఎర్రగడ్డ ఆస్పత్రి ఓపీలో ఇలాంటివాళ్ళే క్యూ కట్టారు.

ఇది నవ్వే విషయం కాదు. ఇంట్లో పెట్టి తలుపేసి ఒక్కసారి మాన్పించకండి, ఫిట్స్ వస్తాయి, ప్రాణం మీదికి వస్తుంది. గవర్నమెంటు ఆస్పత్రికి తీసుకుపోండి, కల్లు అలవాటు అని దాచకుండా చెప్పండి, వాళ్ళు మెల్లగా తగ్గిస్తారు. పగలంతా ఎండలో పనిచేసిన మనిషి సాయంత్రం కాసేపు బరువు దించుకుందామని పోయాడు. గోలి ఎవరికి అంటే, గల్లాపెట్టె దగ్గర కూర్చున్నవాడికి.

ప్రశ్న: బాబాయ్ గారూ, ఏ కారణం లేకుండా అయిదు నెలల క్రితం నాకు నిద్ర పోయింది, ఆకలి పోయింది, పిల్లాడు పిలిచినా పలకబుద్ధి అయ్యేది కాదు, నేను లేకపోతే వీళ్ళకే బాగుంటుందేమో అనిపించేది. డాక్టర్ గారు మందులు రాశారు. మూడు నెలలైంది, ఇప్పుడు లేచి వంట చేస్తున్నా, పిల్లాడికి కథ చెప్తున్నా. మా అన్నయ్య మీ కాలమ్ లాంటివి చదువుతాడు. ఇదంతా మందుల కంపెనీల మోసం, మెదడులో సెరటోనిన్ అనే రసాయనం తక్కువై డిప్రెషన్ వస్తుందనేదే అబద్ధమని తేలింది, ఆపెయ్ అంటున్నాడు.
– కాకినాడ

జవాబు: ఆపకమ్మా. నా కాలమ్ చదివి ఎవరైనా ఆపితే ఆ పాపం నాది.

పైవాళ్ళ బెంగకి, ఏడుపుకి, కోపానికి చూపించడానికి ఏదో ఒకటి ఉంది, చున్నీ, వాయిస్ మెసేజ్, గ్లాసు. నీకు అలా చూపించడానికి ఏమీ లేదు, పిల్లాడి పిలుపు కూడా నీ దాకా రాలేదు. అది జబ్బు. మీ అన్నయ్య చెప్పిన దాంట్లో ఒక ముక్క నిజమే, 2022లో పాత పరిశోధనలన్నీ కలిపి చూసి, డిప్రెషన్‌కి సెరటోనిన్ తగ్గడమే కారణం అనడానికి గట్టి ఆధారం లేదని ఒక పేపర్ వచ్చింది. కానీ ఎలా పనిచేస్తుందో చెప్పిన కథ తప్పైతే మందే పనిచెయ్యదని కాదు కదా. పారాసెటమాల్ ఒంట్లో సరిగ్గా ఎలా పనిచేస్తుందో ఇప్పటికీ వాదించుకుంటూనే ఉన్నారు, మీ అన్నయ్యకి జ్వరం వస్తే వేసుకోడా?

ఎప్పుడు తగ్గించాలో, ఎలా తగ్గించాలో రాసిన డాక్టర్ గారితోనే మాట్లాడు, ఒక్కసారిగా ఆపితే తల తిరగడం, పాత బాధ తిరిగి రావడం ఉంటాయి. మళ్ళీ ఆ "నేను లేకపోతే" అనే ఆలోచన వస్తే ఏ అర్ధరాత్రయినా 14416కి ఫోన్ చెయ్, ప్రభుత్వం వాళ్ళ టెలీ మానస్, డబ్బులుండవు, తెలుగులో మాట్లాడతారు. ఎవరికి అని నిన్ను అడగను, ఇది నీకే. పిల్లాడికి ఏం కథ చెప్తున్నావో మళ్ళీ రాసినప్పుడు చెప్పు.

ప్రశ్న: బాబాయ్, నాకు 19. పది రోజుల నుంచి ఊరికే హ్యాపీగా ఉంటోంది. లవ్వు లేదు, ర్యాంకు రాలేదు, ఏమీ లేదు. బకెట్లో నీళ్ళు నిండుతున్నా నవ్వొస్తోంది. మా అమ్మ అనుమానంగా చూస్తోంది.
– ఒంగోలు

జవాబు: తల్లీ, దీనికి కూడా పేరుంది. 1992లో రిచర్డ్ బెంటాల్ అనే బ్రిటన్ సైకాలజిస్టు సంతోషాన్ని మానసిక వ్యాధుల జాబితాలో చేర్చాలని వైద్య నీతి పత్రికలో ప్రతిపాదించాడు. చాలా తక్కువమందిలో కనిపిస్తుంది, లక్షణాలన్నీ కట్టగట్టుకుని వస్తాయి, వచ్చినవాళ్ళకి లోకం ఉన్నదానికన్నా బాగా కనిపిస్తుంది, కాబట్టి జబ్బుకి ఉండాల్సినవన్నీ ఉన్నాయి అని వాదించాడు. మేజర్ ఎఫెక్టివ్ డిజార్డర్, ప్లెజెంట్ టైప్ అని పేరు కూడా పెట్టాడు. ఎవరూ మందు కనిపెట్టలేదు, వేసుకోవడానికి పేషెంట్లు ఒప్పుకోరని కాబోలు.

మీ అమ్మ అనుమానం లవ్వు గురించి, జబ్బు గురించి కాదు. బకెట్ నిండాక కుళాయి కట్టెయ్, సగం అనుమానం తీరుద్ది. అంటుకునే రకమో కాదో తెలీదు గనక ఒక పని చెయ్, మీకు ఏలూరులో చుట్టాలెవరైనా ఉంటే ఒకసారి వెళ్ళిరా.